నక్కలవాగు నౌకాశ్రయం

ఇక మీదట ఈ దేశానికి కావలసిన యుద్ధనౌకలూ సబ్‌మెరైన్లూ నక్కలవాగు ఒడ్డున తయారవుతాయని మంత్రి వెంకటపిచ్చయ్య గారు బూర్గంపాడు బహిరంగసభలో ప్రకటించారు. ప్రకటించి, మంచినీళ్ళు తాగి, కండువాతో మూతి తుడుచుకుని జనం వైపు చూశారు. జనం ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. అక్కడికి సముద్రం చాలా దూరం. నడుమ అడవి ఉంది, గుట్టలున్నాయి, ఇంకో రాష్ట్రం కూడా ఉంది.

"సముద్రం లేని చోట సబ్‌మెరైన్లేమిటని కొందరు అడుగుతారు. వాళ్ళు అభివృద్ధి నిరోధకులు," అన్నారు మంత్రి. "నేను వాళ్ళని ఒక్కటే అడుగుతున్నా. శత్రువు మన సబ్‌మెరైన్ కోసం ఎక్కడ వెతుకుతాడు? సముద్రంలో వెతుకుతాడు. టేకుచెట్ల మధ్య వెతుకుతాడా?"

మొట్టమొదట చప్పట్లు కొట్టినవాడు చందూలాల్. ఆయన పార్టీ మండల కన్వీనర్. చప్పట్లు కొట్టడం ఆయన డ్యూటీయే గానీ ఈసారి డ్యూటీకని కొట్టలేదు. ఇంత పెద్ద ప్రశ్నకు శత్రువు దగ్గర కూడా జవాబుండదని మనస్ఫూర్తిగా నమ్మి కొట్టాడు. చూపు దూరం పోయేవాళ్ళు చాలామంది ఉంటారు. మంత్రిగారి చూపు మరీ దూరం పోతుంది. దగ్గర ఉన్న వాగు అందుకే ఆయనకు కనపడదు.

నిజానికి చందూలాల్ అడిగింది సబ్‌మెరైన్ కాదు. పడవ.

నక్కలవాగుకు ఇవతల చందూలాల్ వాళ్ళ తండా. అవతల కోయవాళ్ళ ఊరు ఇప్పలగుంపు. ఎండాకాలం నక్క దిగినా మోకాళ్ళు తడవవు. వానలు మొదలైతే మాత్రం వాగు ఏనుగులను కూడా లెక్కచేయదు. గుంపులో ఉన్నవాళ్ళు గుంపులోనే ఉండిపోతారు. బియ్యం పోవు, నర్సమ్మ పోదు, దవాఖానకు రావలసినవాళ్ళు రాలేరు. చందూలాల్ భార్య లాలి ఆ గుంపులో అంగన్‌వాడీ టీచర్. గుడ్లు తండాలో, తినే పిల్లలు గుంపులో, నడుమ వాగు. ఉన్న ఒక్క పాత పడవ పోయిన వానాకాలం మునిగింది. ఈ వానలకు కొత్త పడవ పెట్టిస్తానని చందూలాల్ గుంపు నడుమ నిలబడి, భార్య ముందు, సర్పంచ్ ఆదెమ్మ ముందు మాట ఇచ్చాడు. రాజకీయాల్లో ఉన్నవాడు మాట ఇవ్వడం వింత కాదు. భార్య ముందు ఇవ్వడమే తెలివితక్కువ.

మాట ఇచ్చి, ముందు ఎంపీడీవో దగ్గరికి పోయాడు. మంత్రిగారిని అడగమన్నాడు ఎంపీడీవో. మంత్రిగారి దగ్గరికి పోయాడు.

"పడవా?" అన్నారు మంత్రిగారు, చెప్పరాని మాటేదో విన్నట్టు. "పడవ ఎంపీడీవో ఇస్తాడయ్యా. ఎంపీడీవో ఇచ్చేది మంత్రి ఇస్తే మంత్రి పరువేం గావాలి?"

"ఆయన మిమ్మల్నే అడగమన్నడు సార్."

"చిన్నగా అడక్కు చందూ. చిన్నగా అడిగితే ఢిల్లీవాళ్ళు మనల్ని చిన్నగా చూస్తారు."

అట్లా ఆ పడవ పైకి బయల్దేరింది. మండలంలో పడవగా ఎక్కి, జిల్లాలో లాంచీ అయి, రాజధానిలో నౌకగా మారి, మంత్రిగారి నోట్లోంచి బయటికి వచ్చేసరికి సబ్‌మెరైన్ అయింది. మన దగ్గర పని కిందికి దిగేటప్పుడు చిక్కిపోతుంది. పైకి ఎక్కేటప్పుడు మాత్రం బాగా ఒళ్ళు చేస్తుంది.

సభ అయినాక చందూలాల్ ఇంటికి వచ్చి చెప్పులు విప్పకముందే శుభవార్త చెప్పాడు.

"పడవ ఏదయ్యా?" అంది లాలి.

"పడవ గాదే. సబ్‌మెరైన్."

"గదేంది?"

"నీళ్ళల్ల మునిగి పోతది."

"మన పాత పడవ గూడ గట్లనే పోయింది గద."

"అది మునిగితే మళ్ళ లేవలే. ఇది లేస్తది."

"ఎప్పుడు లేస్తది? పిల్లలకు గుడ్లు తినిపించే యాళ్ళకు లేస్తదా?"

చందూలాల్ దేశ రక్షణ గురించి చెప్పడం మొదలుపెట్టాడు. లాలి కోళ్ళను గంప కింద మూయడానికి పోయింది. దేశ రక్షణ గురించి ఆమెకు అంతకుమించి ఆసక్తి లేదు.

మే నెలలో ప్రాజెక్టు స్పెషల్ ఆఫీసర్ రాజ్యశ్రీ మేడం స్థల పరిశీలనకు వచ్చారు. బాగా చదువుకున్న మనిషి. ఏం చెప్పినా మొహంలో ఒక్క గీత కదలదు. కారు దిగి వాగులోకి నడిచారు. చెప్పులు తడవలేదు. నడి వాగులో రెండు బర్రెలు నీళ్ళ కోసం ఇసుక వాసన చూస్తున్నాయి. అప్పటికే వాగు ఒడ్డున 'హార్బర్ సిటీ, బీచ్ ఫేసింగ్ ప్లాట్లు' అని బోర్డు వెలిసింది. సత్తుపల్లి నుంచి ఎవరో వచ్చి ప్లాట్లు చూసి పోతున్నారు కూడా.

"ఇక్కడ లోతు ఎంత?" అని అడిగారు మేడం.

సర్పంచ్ ఆదెమ్మ నోట్లోంచి పొగాకు తీసి చెంగున కట్టుకుంది. "వానకాలం చెప్పాల్నా, ఎండకాలం చెప్పాల్నా?"

"సగటున చెప్పండమ్మా."

"సగటున అయితే ఎవ్వలం మునగం. అయినా ఏటా మునుగుతనే ఉన్నం."

మేడం తల ఊపారు. ఆదెమ్మకు ధైర్యం వచ్చింది. "మేడం, గంత పెద్ద పెద్ద ఓడలు కడ్తరట గద. ఓ చిన్న పడవకు తక్కువైతదా? పెద్ద బట్ట కుట్టే కాడ పీలికలు మిగల్తయి గద. గా పీలికతోని మాకో పడవ చేసియ్యరాదు?"

"పడవ ఈ ప్రాజెక్టులో లేదమ్మా. యుద్ధనౌకలు కట్టే చోట పడవ కొంటే, మీ నౌకల మీద మీకే నమ్మకం లేదా అని ఆడిట్‌వాళ్ళు అడుగుతారు."

"మరి బ్రిడ్జి? ఎనకట కొలతలు గూడ పట్టుకపోయిరి."

"బ్రిడ్జి రద్దయింది. నౌకలకు అడ్డం."

ఆదెమ్మ వాగు వైపు చూసింది. నౌకలు పోయే దారిలో బర్రె పడుకుని ఉంది. ఆమె పొగాకు మళ్ళీ నోట్లో వేసుకుంది. చందూలాల్ మాత్రం ఉప్పొంగిపోయాడు. ఇంకా పుట్టని నౌకకు కూడా దారి విడిచిపెట్టే ప్రభుత్వం ఇంకెక్కడ ఉంటుంది.

మే చివరికి వచ్చింది. పొద్దుగూకితే అడవి మీద ఉరుములు వినిపిస్తున్నాయి. చందూలాల్ గుంపులోకి పోవడం తగ్గించాడు. పోయినప్పుడు ఆదెమ్మ కంట పడకుండా పోయేవాడు. ఒకనాడు పడ్డాడు.

"ఏం నాయకూ, పడవ మాట ఏమాయె?"

"సార్ ఢిల్లీకి పోతుండు అక్కా. ఎంబడి నేను గూడ పోతున్న."

"ఎందుకు?"

ఇక్కడ చందూలాల్ నోరు జారింది. మామూలు నోరు కాదు, మైకు పట్టిన నోరు. అందులోంచి మామూలు మాట రాదు. "వేటకు పోతున్నం అక్కా. మా సార్ ఢిల్లీకి వేటకు పోతుండు. ఒట్టి చేతుల్తోని తిరిగి రాడు."

చెట్టు కింద విస్తరాకులు కుడుతున్న ఆడవాళ్ళు తలలెత్తారు. ఆదెమ్మ మెల్లగా నవ్వింది. "మంచిది. మా విత్తనాల పండుగకు రమ్మను మరి."

ఈ మాట ఇంకెక్కడైనా అంటే చప్పట్లు కొట్టి మర్చిపోతారు. ఇప్పలగుంపులో అనకూడదు. విత్తనాల పండుగకు గుంపులో మగవాళ్ళంతా వేటకు పోతారు. ఫారెస్టువాళ్ళ భయానికి ఇప్పుడు వేట అంటే పేరుకే. పొలంగట్టు మీద ఎలుక దొరికినా వేటే. కానీ ఏదో ఒకటి పట్టుకురావాలి. ఒట్టి చేతులతో వచ్చిన మగవాడి మీద ఆడవాళ్ళు పేడనీళ్ళు పోస్తారు. మొగుడని చూడరు, మామ అని చూడరు. చందూలాల్ ఆ వాగు ఒడ్డునే పుట్టి పెరిగినవాడు. ఆయనకు ఇది తెలుసు. తెలిసినా ఢిల్లీ వేట కూడా ఇందులోకి వస్తుందని తట్టలేదు.

ఢిల్లీలో వాళ్ళకు టీ ఇచ్చారు. మంచి టీ. ఏసీ గదిలో గాజుపెట్టెలో మూరెడు సబ్‌మెరైన్ బొమ్మ ఉంటే మంత్రిగారు దాని పక్కన నిలబడి ఫొటో దిగారు. ఒక పెద్ద ఆఫీసరు వచ్చి, సముద్రం ఏ వైపున ఉందని అడిగారు. మంత్రిగారు కిటికీ వైపు చూపించారు. ఆఫీసరు కిటికీ వైపు చూసి, సూత్రప్రాయంగా తమకు అభ్యంతరం లేదన్నారు. బయటికి రాగానే మంత్రిగారు చందూలాల్ భుజం తట్టారు.

"సాధించాం చందూ."

"ఏం సాధించినం సార్?"

"సూత్రప్రాయంగా."

శంకుస్థాపన ఎప్పుడు, ఎక్కడ అన్న మాట వచ్చినప్పుడు చందూలాల్‌కు మెరుపులాంటి ఆలోచన వచ్చింది. విత్తనాల పండుగ నాడు గుంపులో ఎలాగూ జనం ఉంటారు. అదే రోజు పెడితే జనాన్ని తోలుకురావడానికి ట్రాక్టర్లు కిరాయికి తేనక్కరలేదు. మంత్రిగారు మెచ్చుకున్నారు. నాయకుడికి ఇటువంటి కార్యకర్త దొరకడం పూర్వజన్మ సుకృతం.

ఆ రోజు కార్లు దుమ్ము లేపుకుంటూ వాగు దాటి గుంపులోకి పోయాయి. దారికి అడ్డంగా ఆడవాళ్ళు నిలబడి ఉన్నారు. ఒక్కొక్కరి చంకలో ఒక్కొక్క కుండ. పూర్ణకుంభాలనుకుని మంత్రిగారు కారు దిగి చేతులు జోడించారు. వెనక కారులోంచి రాజ్యశ్రీ మేడం దిగబోయి, కుండల్లోకి ఒకసారి చూసి, మళ్ళీ కూర్చుని తలుపు వేసుకున్నారు. చదువు ఊరికే పోదు.

"వేటకు పోయినవట గద సారూ. ఏం తెచ్చినవ్?" అంది ఆదెమ్మ.

మంత్రిగారు చందూలాల్ వైపు చూశారు. చందూలాల్ నేల వైపు చూశాడు.

"సూత్రప్రాయంగా అంగీకారం తెచ్చానమ్మా."

"ఏదీ, చూపెట్టు."

"అది చూపించేది కాదు."

"తినేదా?"

"కాదమ్మా. అది... ఒక విధమైన సుముఖత."

ఆదెమ్మ వెనక్కి తిరిగి ఆడవాళ్ళతో కోయభాషలో రెండు ముక్కలు చెప్పింది. వాళ్ళకు ఢిల్లీ రాజకీయం అంతా ఆ రెండు ముక్కల్లోనే అర్థమైనట్టుంది. కుండలు లేచాయి.

మంత్రిగారు మహానుభావులు. పేడనీళ్ళు కారుతున్నా కెమెరాల వైపు నవ్వుతూనే ఉన్నారు. 'ఆదివాసీ సంప్రదాయ రీతిలో మంత్రికి ఘనస్వాగతం' అని పీఏ అక్కడికక్కడే ఫోన్‌లో రాసి పంపించాడు. రెండో విడత చందూలాల్ మీద పడింది. కళ్ళు తుడుచుకుని చూస్తే ఎదురుగా ఖాళీ కుండతో లాలి.

"నువ్వు గూడనా?"

"నువ్వు గూడ వేటకు పోయినవ్ గదయ్యా," అంది లాలి. "ఒట్టి చేతుల్తోనే వస్తివి."

మంత్రిగారు పేడతో పునాదిరాయి తాకరాదని పీఏ అన్నాడు. ఆదెమ్మ ఇంటి వెనక తడికల చాటున స్నానానికి ఏర్పాటు చేశారు. మంత్రిగారు నిదానంగా స్నానం చేసే మనిషి. బట్టలు ఉతికి తీగ మీద ఆరేశారు. ఆదెమ్మ మొగుడి లుంగీ కట్టుకుని మంత్రిగారు మంచం మీద కూర్చున్నారు. ఎక్కడో పైన అడవిలో వాన పడింది. గుంపులో చినుకు లేదు. కానీ ముందు ఒక చప్పుడు, తర్వాత గాలి, ఆ తర్వాత చెట్ల కొమ్మలను మోసుకుంటూ ఎర్రటి నీళ్ళు వచ్చాయి. చూస్తుండగానే ఒడ్డుకూ ఒడ్డుకూ నడుమ నౌకాశ్రయం తయారైంది.

"మనం ఎట్లా పోవాలి?" అన్నారు మంత్రిగారు.

రాజ్యశ్రీ మేడం కారులోంచి ఎవరికో ఫోన్ చేశారు. ఆదెమ్మ పొయ్యి మీద చాయ పెట్టింది. చాయ మరిగి, అందరూ తాగి, గ్లాసులు కడిగేలోపు అవతలి ఒడ్డున లారీ వచ్చి ఆగింది. దానిమీద కొత్త పడవ. ఇంజన్ ఉన్న పడవ. నారింజరంగు జాకెట్లు తొడుక్కున్న నలుగురు దాన్ని నీళ్ళలోకి దింపి, రయ్యిమని ఇవతలికి తెచ్చి, సెల్యూట్ కొట్టారు.

చందూలాల్ ఆ పడవను చూశాడు. చేత్తో తాకి చూశాడు. కారు దిగి వచ్చిన మేడం వైపు తిరిగాడు.

"మేడం, గీ పడవ ఎప్పటిది?"

"రెండేళ్ళ నుంచి గోడౌన్‌లో ఉంది. ఎమర్జెన్సీకి."

"మాకు ఏటా గిదే ఎమర్జెన్సీ గద మేడం."

"ఏటా వచ్చేది ఎమర్జెన్సీ ఎట్లా అవుతుంది చందూలాల్ గారూ? అది సీజన్." మేడం మొహంలో గీత కదలలేదు. వాగు వైపు చూస్తూ మెల్లగా అన్నారు. "వీఐపీ ఈ ఒడ్డున ఎన్ని రోజులుంటే పడవ అన్ని రోజులుంటుంది. రూలు అది. నేను చేయగలిగింది ఏమీ లేదు."

అని కారెక్కి కూర్చున్నారు.

ఆ మాట ఆదెమ్మ విన్నది. ఆదెమ్మ లాలి వైపు చూసింది. లాలి చందూలాల్ వైపు చూసింది. పార్టీలో పాతికేళ్ళు పని చేసినా చందూలాల్‌కు ఎన్నడూ ఇంత స్పష్టమైన ఆదేశం అందలేదు.

మంత్రిగారు అప్పటికే జాకెట్ తొడుక్కుంటున్నారు. చందూలాల్ ఆయన చెవి దగ్గరికి పోయాడు.

"సార్, ఇప్పుడు పోతే పేడనీళ్ళు పడంగనే పారిపోయిండని రాస్తరు."

మంత్రిగారు జాకెట్ గుండీ దగ్గర ఆగారు. "మరేం చేద్దాం?"

"పల్లెనిద్ర సార్. వరదల నడుమ, ప్రజల నడుమ, లుంగీ మీద మంత్రి. రాష్ట్రంల ఎవ్వలన్నా చేసిన్రా?"

మంత్రిగారు ఆలోచించారు. లుంగీ వైపు చూసుకున్నారు. జాకెట్ విప్పేశారు.

ఆ రోజు నుంచి నక్కలవాగు మీద రాకపోకలు చూసి తీరవలసిందే. పడవ మంత్రిగారి బీపీ గోలీలకు పోయేది. పోతూ జ్వరంతో ఉన్న ముసలాయనను దవాఖానకు దింపేది. మంత్రిగారి మినరల్ వాటర్ తెచ్చేది. వాటి కింద రేషన్ బియ్యం బస్తాలు. మంత్రిగారికి బూర్గంపాడు నుంచి ఇడ్లీ, ఇడ్లీ పక్కన లాలి, లాలి ఒళ్ళో గుడ్ల ట్రేలు. పీఏకు చార్జర్ కావాలంటే ఒక ట్రిప్పు. ఆ ట్రిప్పులో నర్సమ్మ. విలేకరులను తెచ్చిన పడవ ఎరువుల బస్తాలు తెచ్చింది, విలేకరులను తీసుకుపోయిన పడవ మేకలను తీసుకుపోయింది. గుంపుకు ఇంత మంచి వానాకాలం ముందెన్నడూ రాలేదు. పిల్లలు గుడ్లు తిని, పెంకులు వాగులో వేసి, నౌకలు నౌకలని ఆడుకున్నారు.

మంత్రిగారు పొద్దున లేవగానే "చందూ, ఇవాళ పోదామా?" అనేవారు.

"ఇయ్యాల టీవోళ్ళు వస్తరట సార్."

మర్నాడు మళ్ళీ అడిగేవారు.

"ఇయ్యాల పోతే మంచిగుండదు సార్. ఆదెమ్మక్క మీకోసమని కోడిని కోస్తుంది."

పార్టీ ఆఫీసు నుంచి ఫోన్లు వచ్చాయి. ఇంట్లోంచి కూడా వచ్చాయి. మంత్రిగారు విసుక్కున్నప్పుడల్లా ఆదెమ్మ ఇంకో ముసలమ్మను తెచ్చి కాళ్ళ దగ్గర కూర్చోబెట్టేది. ముసలమ్మ దండం పెట్టేది, పీఏ ఫొటో తీసేవాడు, మంత్రిగారు మెత్తబడేవారు. ప్రజల ప్రేమ అంటే ఇట్లా ఉంటుందని తనకు ఇన్నాళ్ళూ తెలియదని ఒక సాయంత్రం మంత్రిగారు కళ్ళు ఒత్తుకున్నారు. చందూలాల్ కూడా ఒత్తుకున్నాడు. ఆయనది నిజమైన కన్నీరే. ఒడ్డున పడవలోంచి యూరియా దిగుతోంది.

కానీ వానను ఏ కార్యకర్తా ఆపి ఉంచలేడు, ఆగినదాన్ని తెప్పించలేడు. వాన వెలిసింది. వాగు చిక్కింది. ఇసుక తేలగానే మంత్రిగారి కారు స్టార్టయింది. లుంగీ ఆదెమ్మ మొగుడికి తిరిగి ఇచ్చి, మైకు అందుకుని, నక్కలవాగులో నౌకాయానం తొలిదశ విజయవంతంగా పూర్తయిందని ప్రకటించారు. చందూలాల్ చప్పట్లు కొట్టాడు. ఈసారి డ్యూటీకే కొట్టాడు. కారు వెనక లారీ. లారీ మీద పడవ. గుంపు మొత్తం కారు వైపు చూడలేదు, లారీ వైపే చూసింది.

మంత్రిగారిని పంపించి చందూలాల్ ఇంటికి వచ్చాడు. లాలి వాకిట్లో నిలబడి అడవి వైపు చూస్తోంది.

"ఏమయ్యా, మళ్ళ మబ్బు పడ్తుంది."

చందూలాల్ కూడా చూశాడు. గుట్టల మీద నల్లటి మబ్బు, కిందికి ఒంగి ఉంది. జేబులోంచి ఫోన్ తీశాడు. తన పార్టీ నంబర్లన్నీ దాటుకుంటూ కిందికి పోయి, ఎన్నికలప్పుడు తిట్టడానికి దాచిపెట్టుకున్న ఒక నంబరు దగ్గర ఆగాడు. ఖమ్మంలో ప్రతిపక్ష నాయకుడిది. నొక్కాడు.

"నమస్తే సార్. నేను చందూలాల్, మండల కన్వీనర్. అవ్, మీ పార్టీ గాదు సార్. ఎదురు పార్టీ. సార్, మా మంత్రి నక్కలవాగు కాడ సబ్‌మెరైన్ల పేరు మీద పెద్ద మోసం చేసిండు. దాని మీద మీరొచ్చి నిరాహారదీక్ష చేయాలె."

అవతలి నుంచి ఏదో అడిగారు.

"ఎన్ని రోజులా?" చందూలాల్ మబ్బు వైపు చూశాడు. "గది వాతావరణశాఖోళ్ళను అడిగి చెప్త సార్."

లాలి ఆయన చేయి గుంజింది. "అవతలి ఒడ్డున కూసోమని చెప్పయ్యా. ఇవతల కూసుంటే ఏం లాభం?"